కొరియా పండితుడు దాసాన్

క్రైస్తవమతము దేశదేశముల వ్యాపించిన చరిత్రను చదువువారికి సామాన్యముగా నొక క్రమము కన్పట్టును. ముందు వర్తకుడో సైనికుడో వచ్చును. వానివెంట గురువు వచ్చును. గురువు బోధింపగా జనులు శిష్యులగుదురు. కొరియా దేశమున ఈ క్రమము తలక్రిందయ్యెను. అచ్చటికి ముందుగా చేరినవి పుస్తకములు. ఏటేట పెకింగు నగరమునకు కప్పము గొనిపోవు రాయబారులు తిరిగివచ్చునప్పుడు గడియారములతోను దూరదర్శినులతోను పాటు, జెసూటు గురువులు చీనాభాషలో రచించిన గ్రంథములను గూడ మూటగట్టి తెచ్చుచుండిరి. మాటియో రిచ్చి 1603లో ప్రకటించిన దైవతత్త్వ గ్రంథ మట్లు చేరినదే. మనదేశమున సంస్కృతమువలె చీనా లిపి కొరియా పండితులకు విద్యాభాష గనుక, ఆ గ్రంథములను చదువుటకు వారికి ఉపదేశకునితో పనిలేకపోయెను. గురువు లేడు, గుడి లేదు, వెనుక ఫిరంగియు లేదు. కొందఱు యువపండితులు చదివి, వాదించుకొని, తమంతట తామే మతమును స్వీకరించిరి. ఇట్టి దృష్టాంతము చరిత్రలో మిక్కిలి యరుదు.

ఆ యువపండితులలో నొకడు జోంగ్ యాక్-యోంగ్. దాసాన్, అనగా తేయాకుకొండ, అను పేర లోకమాయనను ఎఱుగును. కొరియావారు తమ దేశమున పుట్టిన మేధావులలో ఆయనను అగ్రగణ్యునిగా నెన్నుదురు. క్రైస్తవులు ఆయన మావాడందురు. కన్ఫ్యూషియసు సంప్రదాయజ్ఞులు కాదు, మావాడందురు. ఈ వ్యాజ్యమున తీర్పు చెప్పుట మా యుద్దేశము గాదు. మనుష్యుని మనస్సులోని విశ్వాసమును రాజ్యము నేరముగా నెంచి విచారణకు పూనుకొన్నప్పుడు ఉత్తముడు సైతము ఎట్టి యిఱుకున బడునో, ఆ యిఱుకున బడినవాడు తరువాత తన జీవితమును దేని కర్పించెనో, ఆ సంగతిని పాఠకులకు నివేదింప దలచితిమి.

దాసాన్ 1762వ సంవత్సరమున హాన్ నది యొడ్డున, ఉత్తర దక్షిణ శాఖల సంగమమునకు సమీపమున నున్న మాజే గ్రామమున జన్మించెను. తండ్రి మండలాధికారి. తల్లి ప్రసిద్ధ చిత్రకారుడగు యూన్ దూ-సోకు మనుమరాలు. ఆమె కుమారుని బాల్యముననే గతించెను. వీరి కుటుంబము దక్షిణపక్షమను రాజకీయ కక్షకు చెందినది. కొరియా ఆస్థానమున కక్షలు వంశపారంపర్యములు. తాతనాటి వైరము మనుమనికి ఆస్తితోపాటు సంక్రమించుచుండెను. ఈ సంగతి మఱచినచో తరువాతి కథ బోధపడదు. మతము పేర జరిగిన విచారణలలో సగము మతమైనచో తక్కిన సగము ఈ కక్షయే.

1784వ సంవత్సరమున పెద్దన్నగారి భార్యకు సాంవత్సరిక కర్మ జరిగినది. అది ముగిసిన పిమ్మట దాసానును, ఆయన రెండవయన్న యాక్-జోనును, మరణించిన వదినెగారి తమ్ముడగు యీ బ్యోక్ అను పండితునితో గూడి పడవలో రాజధానికి పోవుచుండిరి. నదిమీద యీ బ్యోక్ వారికి సృష్టినిగుఱించియు, దేహమునకు ఆత్మకు గల భేదమును గుఱించియు, చావుపుట్టుకలను గుఱించియు చెప్పెను. విన్నవారికి ఆకాశగంగను మొదటిసారి చూచినంత విస్మయము కలిగెనని దాసాన్ వార్ధకమున వ్రాసికొనెను. రాజధానికి చేరి యీ బ్యోక్ యొద్దనున్న పుస్తకములను తీసికొని చదివెను.

ఆ సంవత్సరముననే దాసాను చెల్లెలి వరుస గాదు, అక్క మగడగు యీ సుంగ్-హూన్ పెకింగునుండి తిరిగివచ్చెను. తండ్రితో రాయబారమున పోయి, అచ్చట గ్రామోను అను ఫ్రెంచి గురువుచే పీటరను పేర జ్ఞానస్నానము పొంది వచ్చిన యీతడే తక్కినవారికి స్నానమిచ్చెను. దాసాను యోహానను పేరు పొందెను. ఆయన మూడవయన్న యాక్-జోంగ్ కొంత ఆలస్యముగా చేరెనుగాని, చేరిన పిమ్మట వెనుదిరుగలేదు. కొరియా క్రైస్తవసంఘము నేటికిని ఆ 1784నే తన జన్మసంవత్సరముగా లెక్కించుకొనుచున్నది.

మరుసటి యేడే న్యాయశాఖ భటులు కిమ్ బోమ్-ఊ అనునతని యింట జరుగుచున్న ప్రార్థనకూటమునకు వచ్చిపడిరి. జోంగ్ సోదరులును అచ్చట నుండిరి. కులీనులగు పండితులను మందలించి యిండ్లకు పంపిరి. గృహస్థుడు దుబాసీల తరగతికి చెందిన మధ్యమకులజుడు. వానిని కొట్టి ప్రవాసమునకు పంపగా వాడు దెబ్బలచే మరణించెను. నేరమొక్కటే, కొలపాత్రలు రెండు. ఆ యింటిప్రాంతముననే 1898లో సియోలు నగరపు పెద్ద దేవాలయము పూర్తియైనది.

దాసాను 1789లో ఉన్నతపరీక్షయందు గెలిచి కొలువున జేరెను. జోంగ్జో రాజు విద్వత్ప్రియుడు. ఈ యువకుని తెలివిని విద్యార్థిదశయందే కనిపెట్టినవాడు. రాజు ఊరేగింపు హాన్ నదిని దాటుటకు పడవలవంతెనను నిర్మించు ప్రణాళిక దాసానుది. సువోన్ పట్టణమున రాజు కోట కట్టబూని, దాని ప్రణాళికను సిద్ధపఱచుమని 1792లో ఆజ్ఞాపించి, పశ్చిమదేశపు యంత్రములను వర్ణించు చీనా గ్రంథము నొకదానిని ఆయన చేతికిచ్చెను. అదియు నొక జెసూటు గురువు సాయమున వ్రాయబడినదే. దాసాను దానిని చూచి, కప్పీలతో బరువులెత్తు యంత్రమును కల్పించెను. 1794లో మొదలైన కోట 1796లో ముగిసినది. నలువదివేల న్యాంగుల ధనము మిగిలినదని రాజు మెచ్చుకొనెను. జెసూటుల కప్పీకి రాజద్వారము తెఱచియుండెను. వారి దేవునికి మాత్రమే మూయబడినది.

1794లో రాజు ఆయనను రహస్య విచారణాధికారిగా క్యోంగీ మండలములకు పంపెను. చినిగిన బట్టలతో తిరిగి, అధికారుల దోపిడిని కన్నులార చూచి, దాచక నివేదించెను. ఆ నివేదికలో చిక్కినవారిలో మండలాధ్యక్షుడగు సో యోంగ్-బో యొకడు. ఆ మనుష్యుడు దీనిని జీవితాంతము మఱువలేదు.

ఇంతలో 1791లో ఘోరమొకటి సంభవించినది. దాసానుకు తల్లివైపు బంధువగు యూన్ జీ-చుంగ్ తన తల్లి చనిపోగా పితృకర్మ చేయక, పూర్వుల పేర్లు వ్రాసిన కొయ్యపలకలను కాల్చివేసెను. పితరుల కర్మ విగ్రహారాధన వంటిదని రోమునుండి 1742లో వెలువడిన నిషేధమును పెకింగు బిషప్పు అంతకుముందొక యేడే వీరికి తెలియజేసియుండెను. కొరియా రాజ్యమున పితృభక్తి రాజభక్తికి పునాది. పలకను కాల్చినవాడు రాజద్రోహియే. యూన్‌నకును, తోడి బంధువునకును శిరశ్ఛేదమైనది.

ఈ నిషేధమును గుఱించి మన దక్షిణదేశమువారికి కొంత తెలిసియుండవలెను. దానిని విధించిన పోపుగారే రెండేండ్ల తరువాత మలబారు ఆచారముల విషయమున మనవైపు మిషనులకును ఉత్తరువిచ్చిరి. చీనా విషయమున రోమువారు 1939లో తమ నిషేధమును సడలించి, పితరులను గౌరవించుట పౌరమర్యాదయే యని యొప్పుకొనిరి. నూటనలువదియెనిమిది సంవత్సరములు ముందుగా ఆ మాట వచ్చియున్నచో కొరియా చరిత్ర యెట్లుండెడిదో మేము చెప్పజాలము. కాని యూన్ జీ-చుంగ్ ఇంటి పలకలు కాలియుండెడివి కావు.

దాసాను ఇచ్చట ఆగిపోయెను. వదినెగారి సాంవత్సరికమునాడు ఏ మాట విని కదలెనో, ఆ మాట సాంవత్సరికమునే త్రోసివేయుమనగా ఆయన వెనుకకు మరలెను. ఇది భయమా, యథార్థమైన అభిప్రాయభేదమా? 1797లో రాజునకు సమర్పించిన విజ్ఞాపనలో, యౌవనమున ఖగోళగణితములతో గూడిన ఆ పుస్తకముల నూతనత్వమునకు మోహితుడనై లోపల ప్రవేశించితిననియు, పితృకర్మ నిషేధమును విన్ననాటినుండి విడిచితిననియు ఒప్పుకొనెను. మేము దానిని కేవలము ఆత్మరక్షణార్థమైన దస్తావేజుగా నెంచము. ఆయన శేషజీవితమున కన్ఫ్యూషియసు గ్రంథములపై వ్రాసిన వ్యాఖ్యానములలో, మనుష్యుడు ఏకాంతమున గూడ భయభక్తులతో నుండవలసిన ఊర్ధ్వలోకపు ప్రభువొకడు కలడను భావము స్పష్టముగా నున్నది. పడవలో విన్నది పూర్తిగా చెవినుండి జాఱలేదు. పలకలు కాల్చుట మాత్రము మనసొప్పలేదు.

విజ్ఞాపన పిమ్మట రాజు ఆయనను శత్రువుల కన్నులకు దూరముగా గోక్సాన్ మండలాధికారిగా నియమించెను. అచ్చట నొక యుదంతము జరిగినది. పూర్వాధికారి కాలమున పన్ను హెచ్చించిరని యీ గ్యే-సిమ్ అను రైతు వేయిమందిని వెంటబెట్టుకొని కచేరీకి వచ్చి అలజడిచేసి, పట్టుబడక దాగియుండెను. కొత్త అధికారి వచ్చుచుండగా, ప్రజల బాధలను పదికి మించిన అంశములుగా వ్రాసిన కాగితముతో త్రోవలో మోకరిల్లెను. భటులు వానికి సంకెలలు వేయుదుమనిరి. దాసాను వలదనెను. తన ప్రాణమునకు తెగించి జనుల బాధను అధికారి యెదుట చెప్పగలవాడు ధనమిచ్చి కొనదగినవాడని తలచి విడిచిపెట్టెను. పదునెనిమిదవ శతాబ్దమున రాజాస్థానములలో నిట్టి తీర్పు ఎన్నిచోట్ల వినబడినదో పాఠకులే యోచింతురుగాక.

1800వ సంవత్సరమున జోంగ్జో రాజు మరణించెను. బాలుడు సింహాసనమెక్కెను, రాజ్యము వృద్ధరాణి చేతిలో, దక్షిణపక్షమునకు విరోధులైనవారి చేతిలో పడెను. 1801 మొదట్లో క్రైస్తవులను నిర్మూలింపుమని శాసనము వెలువడినది. అయిదేసి యిండ్లను ఒక కట్టుగాజేసి, ఒక యింటివాడు మఱియొక యింటివానికి జవాబుదారియగునట్లు నిర్బంధించిరి. జోంగ్ సోదరులు మువ్వురును చెఱసాలలో చేరిరి.

యాక్-జోంగ్ దేనిని దాచలేదు. పామరులకును స్త్రీలకును తెలియునట్లు కొరియా లిపిలో మతసారమును మొట్టమొదట గ్రంథముగా రచించినవాడతడే. యీ సుంగ్-హూన్ మున్నగువారితోపాటు అతనికి సియోలు చిన్న పడమటిద్వారము వెలుపల శిరశ్ఛేదమైనది. పెద్దకొడుకునకును తరువాత అదే గతి పట్టినది. అతని పెట్టెలో దొరకిన ఉత్తరములే దాసానును రక్షించినవి. తమ్ముడు తమతో కలియకుండుటను గుఱించి వానిలో విచారము తెలుపబడియుండెను.

ఇక మేము చెప్పనొల్లని సంగతిని చెప్పవలసియున్నది. విచారణలో దాసాను తాను విడిచితినని మాత్రమే చెప్పి యూరకుండలేదు. పెద్దన్నగారి అల్లుడగు హ్వాంగ్ సా-యోంగ్ మొదలగువారి పేర్లు చెప్పెను. బానిసలను, విద్యార్థులను విచారించినచో క్రైస్తవుల జాడ తెలియునని న్యాయాధిపతులకు ఉపాయమును గూడ సూచించెను. విచారణపత్రములలో ఈ మాటలు నిలిచియున్నవి. ఆయన భక్తులు కొందఱు దీనిని మఱుగుపఱుతురు. శత్రువులు దీనినే పట్టుకొందురు. మేమిద్దఱి త్రోవయు పట్టము. ఎముకలు విఱుగగొట్టు కఱ్ఱలమధ్య, ఒక అన్న వధ్యస్థానమునకు పోవుచుండగా, మఱియొక అన్న ప్రక్కగదిలో నుండగా చెప్పిన మాటను సాక్ష్యమని పిలుచుట న్యాయశాస్త్రమునకు తగదు. అయినను చెప్పినవాడు చెప్పెను. ఆ భారము ఆయనదే. క్రియను విచారించు న్యాయస్థానమున ముద్దాయి తన చేతులను చూపి తప్పించుకొనవచ్చును. విశ్వాసమును విచారించు న్యాయస్థానమున చూపుటకు చేతులు చాలవు. తాను మాఱినట్లు రుజువు కావలెను. ఆ రుజువు పరులను పట్టియిచ్చుటకంటె వేఱొకటి దొరకదు.

దాసానును తూర్పుతీరమునందలి జాంగీకి పంపిరి. హ్వాంగ్ సా-యోంగ్ కొండలలోని కుమ్మరివాడయగు బేరోన్‌లో గుహయందు నెలల తరబడి దాగి, పట్టుబట్టపై పదుమూడువేలకు మించిన అక్షరములతో పెకింగు బిషప్పునకు లేఖ వ్రాసెను. హింసను వర్ణించుటతో నిలువక, కొన్నివందల ఓడలను, అయిదాఱు పదులవేల సైనికులను పంపి మతస్వాతంత్ర్యము నిప్పింపుడని కోరెను. లేఖ దారిలో పట్టుబడినది. మేము క్రైస్తవుల పక్షమున ఎంత సానుభూతి చూపినను, పరదేశ సైన్యమును పిలిచిన యీ కోర్కెను సమర్థింపజాలము. అంతవఱకు అపనిందయైన రాజద్రోహము ఈ పట్టుగుడ్డతో రుజువైనట్లయ్యెను. హ్వాంగ్‌ను చిత్రవధచేసిరి. ఆ లేఖ నేడు వాటికనులో నున్నది.

సోదరులిరువురను మరల తెచ్చి విచారించి, నేరము దొరకక, దాసానును దక్షిణపుకొననున్న గాంగ్జిన్‌కును, యాక్-జోనును సముద్రమధ్యమునందలి నల్లకొండదీవికిని పంపిరి. నాజు పట్టణమునకు సమీపమున నొక సత్రమున రాత్రి గడపి, ఉదయమున అన్నదమ్ములు విడిపోయిరి. మరల ఒకరినొకరు చూచుకొనలేదు. అన్న దీవులలోని మత్స్యములను పరిశీలించి 1814లో గొప్ప గ్రంథము వ్రాసి, 1816లో అచ్చటనే మరణించెను.

గాంగ్జిన్‌లో ఎవ్వరును తలుపు తెఱవలేదు. తూర్పువాకిటియొద్ద పూటకూళ్ళ యిల్లు నడుపు ఒక ముసలి వితంతువు చిన్నగది యిచ్చెను. ఆ గదికి ఆయన తలపు, రూపము, మాట, నడత అను నాలుగింటిని చక్కబెట్టుకొను స్థలమని పేరుపెట్టి, గుమాస్తాల పిల్లలకు చదువు చెప్పుచు నాలుగేండ్లు గడపెను. ప్రవాసము పట్టిన మరుసటియేడే చివరికొడుకు మరణించినట్లు వార్త వచ్చెను. తొమ్మండ్రు బిడ్డలలో దక్కినవారు మువ్వురే. కొన్నియేండ్లకు భార్య తన పెండ్లినాటి ఎఱ్ఱపరికిణిని పంపెను. రంగు వెలిసిన ఆ బట్టను కత్తిరించి, 1810లో కుమారులకు హితోక్తులు వ్రాసిన చిన్న పుస్తకములుగా కుట్టెను. మిగిలిన ముక్కపై 1813లో కుమార్తెకు పూలకొమ్మమీద పిట్టలజంటను చిత్రించి పంపెను. అవి యిప్పటికిని నిలిచియున్నవి.

1808లో తల్లివంశపు బంధువులు తేయాకుకొండపై నొక కుటీరమిచ్చిరి. పదునెనమండ్రు శిష్యులతో, వేయికి మించిన పుస్తకములతో అచ్చట జరిగిన కృషిని వర్ణించుటకు ఈ పుట చాలదు. ఆయన రచన మొత్తము సుమారు అయిదువందల సంపుటములు. వానిలో రెంటిని మాత్రము స్మరింతుము.

మొదటిది మండలాధికారులకొఱకు వ్రాసిన పాలనగ్రంథము. అధికారి నియామకమునాటినుండి, మూట సర్దుకొని వెడలిపోవువఱకు చేయవలసిన పనులు పండ్రెండు భాగములలో, డెబ్బదిరెండు ప్రకరణములలో నున్నవి. ప్రయాణమున ఎన్ని గుఱ్ఱములు వాడవలెనో, కానుకలనెట్లు త్రోసిపుచ్చవలెనో, ధాన్యపు అప్పులలో గుమాస్తా ఎచ్చట దొంగిలించునో, కఱవులో గంజి యెట్లు పంచవలెనో, అంతయు నున్నది. ఈ జ్ఞానము ఊహవలన వచ్చినది కాదు. 1803లో గాంగ్జిన్‌లోనే పుట్టి మూడురోజులైన శిశువును సైనికపన్ను పట్టికలో చేర్చి, చెల్లింపలేదని ఎద్దును తోలుకొనిపోగా, ఈ బిడ్డను కనుటయే నా పాపమని ఆ తండ్రి కత్తితో తన పుంస్త్వమును కోసికొనెను. దాసాను దానిని విని పద్యము వ్రాసెను. తరువాత గ్రంథము వ్రాసెను. దానిని ఆయన హృదయగ్రంథమని పిలిచెను. ప్రవాసి గనుక అమలుపఱచు అధికారము లేదు, కోర్కె మాత్రము హృదయమున నున్నది, అందువలన ఆ పేరు.

రెండవది, మా వృత్తివారందఱు తెలిసికొనదగినది, నరహత్యావిచారణను గుఱించిన ముప్పది సంపుటముల గ్రంథము. ప్రాణమునకు సంబంధించిన వ్యవహారమున జాగ్రత్త, మరల జాగ్రత్త యని దాని పేరునకు తాత్పర్యము. పద్యములల్లుచు పెరిగిన అధికారి శవపరీక్షను గుమాస్తాకు వదలి, గుమాస్తా వ్రాసిన కాగితముపై ముద్రవేయుటను ఆయన తీవ్రముగా ఖండించెను. చీనా కొరియా దేశముల వ్యాజ్యములనేకము తెచ్చి, తీర్పులలో తర్కమెక్కడ తప్పినదో, సాక్ష్యమెక్కడ చాలదో విడదీసి చూపెను. 1801లో తాను కూర్చుండిన స్థలమును గుఱించి గ్రంథమున ప్రస్తావింపలేదు. చదువరికి అది జ్ఞప్తికి రాకమానదు.

విడుదలకు ప్రయత్నములు పలుమాఱు జరిగినవి. 1803లో రాణియే సమ్మతింపగా, వెనుకటి సో యోంగ్-బో అడ్డుపడెను. 1810లో పెద్దకుమారుడు రాజునెదుట మొఱపెట్టగా వచ్చిన ఉత్తరువును విరోధులు నిలిపివేసిరి. ఆ శత్రువులకు నాలుగు వినయవాక్యములు వ్రాయుడని 1816లో కుమారుడు వేడుకొనెను. తండ్రి ఒప్పలేదు. లోకమున న్యాయాన్యాయములను తూచు త్రాసొకటి, లాభనష్టములను తూచు త్రాసొకటి కలవనియు, న్యాయమునకై నష్టపడుట రెండవతరగతి మేలనియు, అన్యాయముచేసి లాభమును గోరువాడు తుదకు రెండును పోగొట్టుకొనుననియు బదులు వ్రాసెను. 1801లో కఱ్ఱలమధ్య లొంగిన మనుష్యుడు 1816లో కాగితముమీద లొంగలేదు. 1818లో, పదునెనిమిదేండ్లకు, ఆయన మాజేకు తిరిగివచ్చెను.

1822లో అఱువదియేండ్లు నిండగా తన సమాధిలేఖమును తానే వ్రాసికొనెను. 1801లో హతులైన కొందఱు మిత్రులకు, అన్న యాక్-జోనుకును సమాధిలేఖములు వ్రాసి, వారియెడ జరిగిన అన్యాయమును నిరూపించెను. యాక్-జోంగ్‌నకు మాత్రము వ్రాయలేదు. వ్రాసియున్నచో వంశమునకు అపాయమనుట నిజమే. ఇతరులను నిర్దోషులని నిరూపించుటకు, వారు క్రైస్తవులు కారని చెప్పిన చాలును. యాక్-జోంగ్ విషయమున ఆ వాదము పనికిరాదు.

యాక్-జోంగ్ చిన్నకుమారుడు హా-సాంగ్ తండ్రి మరణమునాటికి పసివాడు. తల్లితో మాజేలో పెరిగి, రాయబారుల పరివారమున సేవకుడుగా చేరి పలుమాఱు పెకింగునకు నడచిపోయి, గురువును పంపుడని ప్రాధేయపడెను. 1825లో తోడివారితో గూడి పోపునకు విజ్ఞాపన పంపగా, 1831లో కొరియా ప్రత్యేక ధర్మమండలమైనది. 1836 జనవరిలో మోబాను అను ఫ్రెంచి గురువును దేశములోనికి చేర్చినవారిలో హా-సాంగ్ ముఖ్యుడు. 1839లో అతనికిని శిరశ్ఛేదమైనది. 1984లో సియోలులో పోపుగారు అతనిని పునీతునిగా ప్రకటించిరి. తండ్రి యాక్-జోంగ్‌కు 2014లో ధన్యుడను గౌరవము లభించినది.

దాసాను తుదిదినములలో పశ్చాత్తాపము చెంది, ఉపవాసములు చేసి, చీనా గురువొకనిచేత అంత్యసంస్కారము పొందెనని, 1874లో ప్రకటితమైన దాలే యను ఫ్రెంచి గ్రంథకర్త చరిత్ర చెప్పుచున్నది. దాసాను తానే వ్రాసిన పత్రములలో దీనికి ఆధారము లేదు. కొరియా పండితులు నేటికిని ఇరుపక్షముల వాదించుచున్నారు. బ్రదికియుండగా ఒకసారి రాజ్యము ఆయన మనస్సును తెఱచి చూడబూనెను. చనిపోయిన పిమ్మట మఱియొకసారి ఆ పనికి పూనుకొనుటకు మాకు అభిలాష లేదు.

1836 ఏప్రిలు 7వ తేదీ ఆ దంపతులకు వివాహమై అఱువదియేండ్లు నిండిన దినము. బంధువులును శిష్యులును ఉత్సవమునకై మాజేలో కూడియుండిరి. ఆ ఉదయముననే దాసాను మరణించెను. ఇంటివెనుక గుట్టపై సమాధిచేసిరి. రెండేండ్లకు భార్యను గూడ అచ్చటనే చేర్చిరి.